వైరం ఆగవలసిన చోటు

గ్రీకు వీరగాథలన్నింటికీ తలమానికమైన ఇలియడ్ కావ్యం ట్రాయ్ యుద్ధకథగా లోకప్రసిద్ధమైనప్పటికీ, ఆ యుద్ధం మొదలైన తీరుగానీ ముగిసిన తీరుగానీ అందులో కథగా సాగదు. క్రీ.పూ. 8వ శతాబ్దం ప్రాంతంలో రూపుదిద్దుకుని హోమర్ పేరిట నిలిచిన ఈ కావ్యంలో 24 సర్గలు, 15,000కు పైగా పంక్తులు ఉన్నా, పదేళ్ల యుద్ధంలో చివరి ఏడాదికి చెందిన కొన్ని వారాల సంఘటనలే వాటినిండా పరచుకున్నాయి. గ్రీకు వీరుడు అకిలీస్ ఆగ్రహాన్ని కావ్యవస్తువుగా ప్రకటించే తొలి పంక్తులలోనే, ఆ ఆగ్రహం ఎందరో వీరుల ప్రాణాలను మృతలోకానికి పంపి, వారి దేహాలను కుక్కలకూ పక్షులకూ ఆహారంగా వదిలిందని కవి చెబుతాడు. చివరి సర్గలో ఒక దేహం కుక్కల పాలు కాకుండా కన్నతండ్రి చేతికి చేరి, యథావిధిగా సంస్కారం పొందుతుంది. ఈ రెండు కొసల మధ్య ఉన్నదంతా చదివిన పాఠకుడికి, గ్రీకు పురాణం వీరుడి ఎత్తును తూచేది అతడు శత్రువును చంపిన ఘడియలో కాదనీ, చంపిన తరువాత ఆ దేహాన్ని ఏం చేశాడన్న దానిలోననీ తోచక మానదు.

దీనికి ఇంత ప్రాధాన్యం ఎందుకో తెలియాలంటే, మరణానంతర స్థితి గురించి ప్రాచీన గ్రీకుల ఊహను కొంత తెలుసుకోవాలి. మనిషి చనిపోగానే నీడ వంటి ఒక రూపం అతడి నుంచి విడివడి, భూమి అడుగున హేడిస్ అనే దేవుడు పాలించే మృతలోకానికి చేరుతుందనీ, అక్కడ దానికి సుఖమూ బలమూ లేక ఉత్త ఉనికి మాత్రమే మిగులుతుందనీ హోమర్ కావ్యాలు చిత్రిస్తాయి. దేహానికి సంస్కారం జరగనంతవరకు ఆ నీడకు అక్కడ కూడా చోటు దొరకదు. 23వ సర్గలో అకిలీస్ ప్రాణమిత్రుడు పాట్రొక్లస్ నిద్రలో అతడికి కనిపించి, ఇతర మృతుల నీడలు తనను నది దాటనివ్వకుండా తరిమివేస్తున్నాయనీ, త్వరగా దహనం చేయమనీ మొరపెట్టుకుంటాడు. అకిలీస్ చేతులు చాచి కౌగిలించుకోబోతే ఆ రూపం పొగలా నేలలోకి జారిపోతుంది. హోమర్ పేరిటే నిలిచిన ఒడిసీ కావ్యంలో ఎల్పినార్ అనే కుర్ర నావికుడు తాగిన మత్తులో ఇంటి కప్పు మీద నిద్రపోయి, లేవగానే నిచ్చెన సంగతి మరచి కింద పడి చనిపోతాడు. హడావిడిలో అతడిని సంస్కారం లేకుండా వదిలి వెళ్లిన కావ్యనాయకుడు ఒడీసియస్‌కు మృతలోకపు వాకిట మొట్టమొదట ఎదురయ్యేది ఆ కుర్రవాడే. తనను దహనం చేసి, మట్టిదిబ్బ పోసి, తాను బతికి ఉండగా వేసిన తెడ్డును దాని మీద పాతమని అతడు కోరుతాడు. ఒడీసియస్ వెనుదిరిగి వచ్చి ఆ కోరిక తీరుస్తాడు. మహావీరుల కథలో ఒక మామూలు నావికుడి తెడ్డుకు ఇంత చోటు దక్కడం ఆ కవి హృదయవైశాల్యానికి చక్కని సాక్ష్యం.

రణరంగంలో మాత్రం ఈ ధర్మం అడుగడుగునా పరీక్షకు గురవుతుంది. చంపినవాడు చచ్చినవాడి కవచాన్ని ఒలుచుకోవడం ఆనాటి యుద్ధాచారం కనుక, ప్రతి వీరుడి శవం చుట్టూ మరో యుద్ధం పుడుతుంది. పాట్రొక్లస్ దేహం కోసం జరిగిన పెనుగులాటకే 17వ సర్గ మొత్తం సరిపోయింది. అయినా అంతటి కొట్లాటలోనూ ఇరుపక్షాలకూ తెలిసిన ఒక మర్యాద ఉంది. 7వ సర్గలో ట్రాయ్ యువరాజు హెక్టర్ గ్రీకులను ద్వంద్వయుద్ధానికి పిలుస్తూ, గెలిచినవాడు ఆయుధాలు తీసుకుని దేహాన్ని బంధువులకు అప్పగించాలన్న షరతును ముందే ప్రకటిస్తాడు. అదే సర్గలో మృతులను ఏరుకోవడానికి యుద్ధవిరామం కుదురుతుంది. తెల్లవారుజామున మైదానంలో కలిసిన రెండు సేనలకూ ఎవరి శవం ఎవరిదో గుర్తుపట్టడం కష్టమవుతుంది. నెత్తురు నీళ్లతో కడిగి, ముఖాలు పోల్చుకుని, వేడి కన్నీళ్లు కారుస్తూ బండ్లకెత్తుతారు. గట్టిగా ఏడవవద్దని ట్రాయ్ రాజు ప్రయాం తన వారిని వారించాడనీ, వారు గుండెలో దుఃఖాన్ని దిగమింగుకుని చితులు పేర్చారనీ, అవతల గ్రీకులూ అదే పని చేశారనీ కవి చెబుతాడు. నెత్తురు కడిగితే తప్ప మనవాడెవరో పగవాడెవరో తెలియని ఆ ఉదయం, యుద్ధం గురించి ప్రపంచ సాహిత్యంలో ఉన్న అత్యంత సత్యమైన దృశ్యాలలో ఒకటి.

అకిలీస్‌కు ఈ మర్యాద తెలియక కాదు. హెక్టర్ భార్య ఆండ్రొమకీ 6వ సర్గలో తన పుట్టింటి వినాశనాన్ని తలుచుకుంటూ, తన తండ్రి ఈటియన్‌ను చంపినది అకిలీసే అయినా, అతడి కవచం ఒలవడానికి మనసొప్పక, ఆ ఆయుధాలతోనే దహనం చేసి, పైన దిబ్బ పోశాడనీ, దాని చుట్టూ వనదేవతలు చెట్లు నాటారనీ భర్తతో చెబుతుంది. తన కుటుంబాన్ని తుడిచిపెట్టిన శత్రువు గురించి ఒక స్త్రీ ఈ ఒక్క మంచిమాట దాచుకోకుండా చెప్పడం గమనించదగినది. కవి ఈ సమాచారాన్ని చాలా ముందుగా, ఏ ఆర్భాటమూ లేకుండా పాఠకుడి చేతిలో పెట్టి, తరువాత జరగబోయే పతనానికి కొలతగా ఉంచాడు.

పాట్రొక్లస్ హెక్టర్ చేతిలో చనిపోయాక అకిలీస్‌లోని ఆ మనిషి మాయమవుతాడు. హెక్టర్ సైతం నిర్దోషి కాదని ఇక్కడ ఒప్పుకోవాలి. అతడు పాట్రొక్లస్ తల నరికి, మొండేన్ని ట్రాయ్ కుక్కలకు వేయాలన్న తలంపుతో శవాన్ని ఈడ్చుకుపోబోయాడని హోమర్ దాపరికం లేకుండా చెప్పాడు. 22వ సర్గలో ఇద్దరూ ఎదురుపడినప్పుడు హెక్టర్ మళ్లీ పాత షరతునే ప్రతిపాదిస్తే, సింహాలకూ మనుషులకూ మధ్య ఒడంబడికలు ఉండవని అకిలీస్ తోసిపుచ్చుతాడు. గొంతులో ఈటె దిగి నేలకొరిగిన హెక్టర్, తన దేహాన్ని తల్లిదండ్రులకు అప్పగించమని చివరి ఊపిరితో వేడుకుంటాడు. నీ ఎత్తు బంగారం తూచి ఇచ్చినా అప్పగించనన్నది అతడికి దొరికిన జవాబు. ఆ తరువాత అకిలీస్ ఆ శవం రెండు పాదాల వెనుక, మడమ నుంచి చీలమండ దాకా నరాల వెంట చిల్లులు చేసి, ఎద్దుతోలు వారులు దూర్చి రథానికి కట్టి, తల నేలకు తగిలేలా వదిలి, ప్రాకారం మీద తల్లిదండ్రులు చూస్తుండగానే గుర్రాలను అదిలిస్తాడు.

ఆ ఘోరం జరుగుతున్న వేళ ఆండ్రొమకీ లోపలి గదిలో మగ్గం ముందు కూర్చుని ఊదారంగు వస్త్రంలో పూలు నేస్తూ ఉంటుంది. యుద్ధం నుంచి వచ్చే భర్త స్నానానికి పెద్ద పాత్రలో నీళ్లు కాచమని అప్పుడే దాసీలకు పురమాయించింది. కోట గోడ వైపు నుంచి ఏడుపు వినిపించగానే ఆమె చేతిలోని నాడె నేల మీద పడిపోతుంది. గోడ మీదికి పరుగెత్తి, గుర్రాల వెనుక దుమ్ములో ఈడ్వబడుతున్న భర్తను చూసి సొమ్మసిల్లుతుంది. పెళ్లినాడు ఆఫ్రొడైటీ దేవత కానుకగా ఇచ్చిన శిరోవస్త్రం జారి దూరంగా పడుతుంది. రథాన్ని తోలిన వీరుడి విజయాన్ని కవి ఒక్క వాక్యంతో కూడా పొగడలేదు, కాచిన స్నానపు నీళ్లను మాత్రం మరచిపోలేదు.

హెక్టర్ దేహం అప్పటినుంచి పదకొండు రోజులు శత్రు శిబిరంలోనే పడి ఉంటుంది. ఆఫ్రొడైటీ రేయింబవళ్లు కుక్కలను తోలుతూ, చర్మం చిట్లకుండా గులాబీ తైలం పూస్తుంది; ఎండకు వాడకుండా అపోలో దేవుడు మబ్బు కప్పుతాడు. నిద్రపట్టని అకిలీస్ తెల్లవారగానే శవాన్ని రథానికి కట్టి పాట్రొక్లస్ సమాధి చుట్టూ మూడుసార్లు ఈడ్చి, బోర్లా పడవేసి పోతుంటాడు. పన్నెండవ ఉదయాన అపోలో దేవసభలో గొంతెత్తి, ఈ మనిషి జాలినీ లజ్జనూ పోగొట్టుకున్నాడనీ, నోరులేని మట్టిని అవమానిస్తున్నాడనీ నిలదీస్తాడు. కొడుకునో తోబుట్టువునో పోగొట్టుకున్నవారు సైతం ఏడ్చి ఏడ్చి ఒకనాటికి ఆగుతారనీ, విధి మనుషులకు ఓర్చుకునే గుండెను ఇచ్చిందనీ అతడి వాదం. దుఃఖానికి హద్దు ఉండాలని దేవుడు అడగడం, ఆ హద్దును మనిషికున్న వరంగా చెప్పడం గ్రీకు ఆలోచనలోని లోతుకు నిదర్శనం. దేవరాజైన జ్యూస్ ఇరువైపులా కబురు పంపుతాడు: దేహాన్ని అప్పగించమని తల్లి థెటిస్ ద్వారా అకిలీస్‌కు, కానుకలతో ఒంటరిగా వెళ్లమని దేవదూత ఐరిస్ ద్వారా ప్రయాంకు.

గ్రీకు దేవతలకు చావు లేదు, ముసలితనం లేదు. వారు తమలో తాము పోట్లాడుకుంటారు, అబద్ధాలాడతారు, పంతాలకు మనుషుల ప్రాణాలను పణంగా పెడతారు. అయినా మృతదేహం దగ్గరకు వచ్చేసరికి వారిలో ఒక గాంభీర్యం కనిపిస్తుంది. జ్యూస్ తన కొడుకైన సార్పిడాన్ ట్రాయ్ రణభూమిలో చావడం తప్పదని గ్రహించి నెత్తుటి వాన కురిపిస్తాడేగానీ విధిని మార్చడు. అపోలో చేత ఆ దేహాన్ని నదీజలంతో కడిగించి, నిద్ర, మృత్యువు అనే కవల దేవతల చేత స్వదేశమైన లిసియాకు మోయిస్తాడు. క్రీ.పూ. 515 ప్రాంతంలో యూఫ్రోనియస్ అనే ఏథెన్స్ చిత్రకారుడు ఈ ఘట్టాన్ని ద్రాక్షారసం కలిపే ఒక మట్టిపాత్ర మీద చిత్రించాడు. ఇటలీలో ఒక ప్రాచీన సమాధిని దొంగలు తవ్వగా బయటపడి, 1972లో న్యూయార్క్ మ్యూజియం కొనుగోలు చేసిన ఆ పాత్ర, సుదీర్ఘ వివాదం తరువాత 2008లో ఇటలీకి తిరిగి చేరింది.

హోమర్ తరువాతి కాలంలో, ముఖ్యంగా ఏథెన్స్ నాటకాలలో, దేవతలు మృత్యువు నీడను కూడా తాకరు. యూరిపిడిస్ నాటకంలో ఆర్టెమిస్ దేవత తన ప్రియభక్తుడు హిప్పొలిటస్ ప్రాణం పోయే క్షణంలో, మరణాన్ని చూడడం తనకు తగదని చెప్పి తప్పుకుంటుంది. అపోలో జన్మస్థలమైన డెలోస్ ద్వీపం మీది సమాధులన్నింటినీ ఏథెన్స్ ప్రజలు క్రీ.పూ. 426లో తొలగించి, ఆ దీవిలో ఎవరూ చావకూడదనీ పుట్టకూడదనీ శాసించారు. మృతులను గౌరవించాలన్న ఆజ్ఞ దేవతలదే, దాన్ని నెరవేర్చే చేతులు మాత్రం మనుషులవే కావాలి. అందుకే ఇలియడ్‌లోని అసలు మహత్కార్యం దేవసభలో కాక అకిలీస్ గుడారంలో జరుగుతుంది.

ప్రయాం పది తూనికల బంగారాన్నీ, రకానికి పన్నెండేసి వస్త్రాలనూ, లోహపాత్రలనూ కంచరగాడిదల బండికెత్తించి, ముసలి వార్తాహరుడొకడిని వెంటబెట్టుకుని రాత్రివేళ బయలుదేరుతాడు. హెర్మీస్ దేవుడు యువసైనికుడి వేషంలో దారి చూపి, గుడారం ముందు అతడిని విడిచి మాయమవుతాడు. లోపల అడుగుపెట్టిన రాజు ఎవరి కంటా పడకముందే అకిలీస్ మోకాళ్లు పట్టుకుని, తన కొడుకులనెందరినో చంపిన ఆ చేతులను ముద్దాడతాడు. నా వయసే ఉన్న నీ తండ్రి పీలియస్‌ను తలుచుకో అన్నది అతడి మొదటి అభ్యర్థన. తాను ఇంటికి తిరిగి వెళ్లనని అకిలీస్‌కు తెలుసు. హెక్టర్ చావు వెంటనే తన చావు రాసిపెట్టి ఉందని తల్లి ముందే చెప్పింది. కొడుకు కోసం ముసలివాడూ, తండ్రి కోసం ఒకసారి, స్నేహితుడి కోసం ఒకసారి పడుచువాడూ ఏడుస్తారు. ఆ గుడారం నిండా ఇద్దరి ఏడుపే వినిపిస్తుంది.

ఈ ఘట్టంలో హోమర్ ఎక్కడా మెలోడ్రామాకు లొంగలేదు. కొడుకును వెంటనే చూపమని ప్రయాం తొందరపెట్టగానే అకిలీస్‌లో పాత కోపం బుసకొడుతుంది. తనను రెచ్చగొట్టవద్దని హెచ్చరించి బయటికి వెళతాడు. శవాన్ని ప్రయాం కంటపడకుండా దూరంగా కడిగించమని దాసీలను ఆజ్ఞాపిస్తాడు, ఎందుకంటే కొడుకును ఆ స్థితిలో చూసి తండ్రి ఆగ్రహిస్తే తాను నిగ్రహం కోల్పోయి అతడినీ చంపుతానేమోనన్న భయం అతడికి ఉంది. తెచ్చిన కానుకలలోనే రెండు దుప్పట్లనూ ఒక అంగీనీ శవం మీద కప్పడానికి పక్కన ఉంచుతాడు. రోజుల తరబడి ఈడ్చిన ఆ దేహాన్ని తన చేతులతో తానే ఎత్తి పాడె మీద పడుకోబెడతాడు. పశ్చాత్తాపం గురించి ఒక్క మాట కూడా చెప్పించకుండా, మనిషి తన కోపాన్ని తాను ఎరిగి దాని చుట్టూ కట్టలు కట్టుకోవడాన్ని ఇంత స్పష్టంగా చూపిన రచన మరొకటి అరుదు.

అటుపిమ్మట అతడు ముసలి రాజును భోజనానికి కూర్చోబెట్టి, పన్నెండుగురు బిడ్డలను పోగొట్టుకున్న నియోబీ కూడా చివరికి అన్నం తిన్నదని పాత కథ చెబుతాడు. హెక్టర్ పోయినప్పటి నుంచి ప్రయాం ముద్ద నోట పెట్టలేదు, కన్ను మూయలేదు. తిన్న తరువాత ఇద్దరూ ఒకరినొకరు ఆశ్చర్యంతో, మెచ్చుకోలుతో చూసుకుంటారు. అంత్యక్రియలకు ఎన్నాళ్లు కావాలో అకిలీసే అడుగుతాడు. తొమ్మిది రోజులు దుఃఖానికి, పదవనాడు దహనానికి, పదకొండవనాడు దిబ్బకు, తప్పదంటే పన్నెండవనాడు యుద్ధానికి అని ప్రయాం లెక్క చెబుతాడు. యుద్ధం నిజంగానే మళ్లీ మొదలవుతుంది. ట్రాయ్ పడిన రాత్రి ఇదే ప్రయాంను అకిలీస్ కొడుకు నియోప్టొలెమస్ జ్యూస్ వేదిక దగ్గరే చంపాడని తరువాతి గాథలు చెబుతాయి. గుడారంలో మెరిసిన ఆ కరుణ శాశ్వతమని నమ్మించే ప్రయత్నం గ్రీకు పురాణం చేయలేదు.

రామాయణం ఎరిగిన తెలుగు పాఠకుడికి ఇక్కడ లంకలోని ఘట్టం తలపుకు రావడం సహజం. రావణుడికి అంత్యక్రియలు చేయడానికి వెనుకాడిన విభీషణుడితో రాముడు, వైరం మరణంతో ముగిసిందని చెప్పి సంస్కారం చేయిస్తాడు. రెండు కావ్యాల ధర్మం ఒక్కటే అయినా నడక వేరు: ధర్మమూర్తి అయిన రాముడికి ఆ మాట తక్షణం స్ఫురిస్తే, క్రోధమూర్తి అయిన అకిలీస్ రోజుల తరబడి సాగిన అధర్మం దాటి, దేవతల ఆజ్ఞా, ఒక ముసలివాడి కన్నీళ్లూ కలిస్తేగానీ అక్కడికి చేరుకోలేదు. ఆదర్శాన్ని చూపే కావ్యం ఎంత అవసరమో, ఆదర్శం నుంచి జారినవాడు తిరిగి దాన్ని అందుకునే దారి చూపే కావ్యం కూడా అంతే అవసరం.

ఈ ధర్మం కావ్యాలలోనే ఉండిపోలేదు. సోఫొక్లిస్ ఆంటిగొని నాటకంలో, తీబ్స్ నగరం మీదికి దండెత్తి వచ్చిన పాలినైసిస్ శవాన్ని పూడ్చరాదని రాజు క్రియాన్ శాసిస్తే, చెల్లెలు ఆంటిగొని గుప్పెడు పొడి మట్టి చల్లి, దానికి మూల్యంగా ప్రాణం ఇస్తుంది. సోఫొక్లిస్ మరో నాటకంలో, తనను చంపజూసిన ఏజాక్స్ శవానికి సంస్కారం జరగాలని స్వయంగా ఒడీసియసే వాదిస్తాడు. అవి చూసిన ఏథెన్స్ పౌరులు తమ యుద్ధాలలో ఇదే ప్రశ్నను ఎదుర్కొన్నారు. మృతులను తీసుకుపోవడానికి అనుమతి అడిగిన పక్షం ఓటమిని ఒప్పుకున్నట్లేనన్నది గ్రీకు యుద్ధనియమం, అయినా క్రీ.పూ. 425లో కొరింత్ ప్రాంతంలో గెలిచిన ఏథెన్స్ సేనాని నిసియస్, తమవారి శవాలు రెండు మాత్రం వెనుక ఉండిపోయాయని తెలిసి, వాటికోసం శత్రువుకు కబురు పంపాడు. ఆ రెండు శవాల కోసం అతడు విజయగౌరవాన్నే వదులుకున్నాడని ప్లూటార్క్ రాశాడు. మరుసటి ఏడాది డీలియం దగ్గర గెలిచిన బియోషియన్లు మాత్రం, ఏథెన్స్ వారు తమ ఆలయాన్ని ఆక్రమించి కోటగా మార్చుకున్నారన్న కారణంతో వారి మృతులను అప్పగించక, పదిహేడు రోజులకు ఆ కోట తమ వశమయ్యాకే ఇచ్చారు.

పర్షియన్ల మీద గ్రీకులు గెలిచిన క్రీ.పూ. 479 నాటి ప్లటీయా యుద్ధం తరువాత జరిగినదిగా హెరొడొటస్ చెప్పే సంభాషణ ఒకటి ఇక్కడ తలచుకోదగినది. అంతకు ముందటి ఏడాది థర్మాపిలే దగ్గర స్పార్టా రాజు లియోనిడస్ తల నరికించి కొయ్యకు గుచ్చిన పర్షియన్ల మీద ప్రతీకారంగా, వారి సేనాని మార్డోనియస్ శవాన్ని కూడా కొయ్యకెక్కించమని లాంపన్ అనేవాడు విజేత పౌసానియస్‌కు సలహా ఇచ్చాడు. అటువంటి పని అనాగరికులకు తగినదనీ, వారు చేసినా తాము ఏవగించుకుంటామనీ, శిక్ష లేకుండా పోతున్నందుకు సంతోషించమనీ అతడు జవాబిచ్చాడట. దీనికి సరిగ్గా వ్యతిరేకమైన కథ అలెగ్జాండర్‌ది. ఇలియడ్ ప్రతిని తలగడ కింద పెట్టుకుని నిద్రించేవాడని పేరుపొందిన ఆ చక్రవర్తి, తాను అకిలీస్ వంశీయుడినన్న గర్వంతో, క్రీ.పూ. 332లో గాజా కోటను కాపాడిన బాటిస్‌ను ప్రాణం ఉండగానే చీలమండలకు వారులు దూర్పించి రథానికి కట్టి ఈడ్పించాడని రోమన్ చరిత్రకారుడు కర్టియస్ రాశాడు. ఆ రాత ప్రకారమే అయితే అలెగ్జాండర్ ఇలియడ్ 22వ సర్గ దగ్గరే ఆగిపోయాడన్నమాట.

నేడు చాలామందికి ట్రాయ్ కథ అంటే కొయ్యగుర్రం, అకిలీస్ మడమ మాత్రమే. కొయ్యగుర్రం కథ ఒడిసీలో వస్తుంది; పసివాడిగా నదిలో ముంచినప్పుడు మడమ ఒక్కటే తడవక మిగిలిపోయిందన్న కథను రోమన్ కవి స్టేషియస్ క్రీ.శ. 1వ శతాబ్దంలో ప్రస్తావించాడు. ఇలియడ్ కథనంలో ఆ రెండూ లేవు. అందులో ఉన్నది హెక్టర్ తెల్లని అస్థికలను తోబుట్టువులూ మిత్రులూ ఏడుస్తూ ఏరి, బంగారు పెట్టెలో ఉంచి, మెత్తని ఊదా వస్త్రం కప్పి, రాళ్లు పేర్చి దిబ్బ పోయడం. మొత్తం కావ్యం చదివే తీరిక లేనివారు 800 పంక్తులకు కాస్త మించిన ఆ 24వ సర్గనైనా ఏదో ఒక అనువాదంలో తప్పక చదవాలి.